దగ్గుల లెక్క

5 నవంబర్ 1956, సోమవారం

ఇంటి ఖర్చుల పుస్తకం వేరే ఉంది. ఈ నోటుబుక్కు మా వారు దఫ్తర్ నుంచి తెచ్చింది. మొదటి నాలుగు పేజీల్లో ఎవరిదో ఉర్దూ చేతిరాత ఉంది. చింపబుద్ధి కాలేదు. ఐదో పేజీ నుంచి నాది.

వారు పొద్దున లేచినప్పటి నుంచి దఫ్తర్‌కు బయలుదేరేవరకు నలభై ఒకటి. సాయంత్రం వచ్చినప్పటి నుంచి పడుకునేవరకు ముప్పై ఆరు. మొత్తం డెబ్బై ఏడు దగ్గులు. ఉమ్మిన గల్ల బూడిద రంగు, రెండు చెంచాలంత.

రాసుకుంటే మనసు కుదుటపడుతుంది. ఏది ఎంత ఉందో తెలిస్తే దాన్ని తగ్గించవచ్చు.

6 నవంబర్, మంగళవారం

ఎనభై మూడు.

వంటింటి గోడ మీద బొగ్గుతో గీతలు పెడుతుంటే వారు చూసిండ్రు.

"ఏంది, నా దగ్గులకు పాలోని లెక్క పెట్టినవా?"

"పాలోడు ఒక రోజు ఎగ్గొడితే గీతలు చూస్తె తెలుస్తది కదా. గట్లనే ఇది."

"సరే, రేపటి నుంచి తక్కువ పోస్త. ఫికర్ చెయ్యకు" అని నవ్విండ్రు. ఆ నవ్వుకు తొమ్మిది దగ్గులు వచ్చినయి. ఎనభై మూడులో అవి కూడా ఉన్నయి.

8 నవంబర్, గురువారం

ఇరవై రెండేళ్ళ నుంచి వారు రికార్డు గదిలోనే పని చేస్తున్నరు. దుమ్ము ఎప్పుడూ ఉన్నదే. కాని ఒకటో తారీఖున రాష్ట్రం మూడు ముక్కలైనప్పటి నుంచి బస్తాలన్నీ విప్పుతున్నరు. బొంబాయికి పోయే కాగితాలు ఒక కుప్ప, మైసూరుకు పోయేవి ఒక కుప్ప, ఇక్కడ ఉండేవి ఇంకో కుప్ప. ఏ కాగితం ఎక్కడిదో చదివి చెప్పగలిగింది వారూ, పక్కింటి అజ్మత్ అలీ. ఇద్దరే. సాయంత్రం వారి టోపీ దులిపితే వాకిట్లో మన్ను పడుతుంది.

ఇవాళ దఫ్తర్‌లో కొత్త మాట చెప్పిండ్రట. మనుషులను కూడా కుప్పలు వేస్తున్నరు, ఎవరిని ఏ కొలువులో ఉంచాలె అని. దగ్గుతున్నవాళ్ళను ఛాతీ ఫోటోకు పంపిస్తరు, ఆ ఫోటో వచ్చేదాకా పేరు జాబితాలో ఎక్కదు.

"ఫోటోల ఏమన్న కనపడితే?" అన్న.

"క్షయ అంటరు. ఇంటికి పొమ్మంటరు." పెన్షన్‌కు ఇంకా ఏడేళ్ళుంది.

అజ్మత్ అలీకీ మాకూ మధ్య ఒక్కటే గోడ. మంచి మనిషి. ఒక్కటే, మాట కడుపులో ఆగదు. పొద్దున వాళ్ళింట్లో జరిగింది మధ్యాహ్నం ఛాయ్‌కల్లా దఫ్తర్‌లో తెలుస్తుంది, అదీ ఆయన నోటితోనే. ఇక మా ఇంటి దగ్గు ఎంతసేపు ఆగుతుంది?

ఇవాళ వారు దిండులోకి దగ్గిండ్రు. లెక్క సరిగా రాలేదు.

11 నవంబర్, ఆదివారం

నళిని వచ్చింది. అక్క బిడ్డ, మెడికల్ కాలేజీ మొదటి ఏడాది. హాస్టల్ అన్నం తినలేక ఆదివారం ఇక్కడికి వస్తుంది. తిన్నంక నా ముందు కూర్చుని పాఠం అప్పజెప్తుంది. ఇంగ్లీషులో అంటే నాకు తెలవదు, తెలుగులో చెప్పమంట. తెలుగులో చెప్పగలిగితే దానికి పాఠం వచ్చినట్టే.

"ముక్కు నుంచి ఊపిరితిత్తుల దాకా లోపల ఒక పొర పరిచి ఉంటది చిన్నమ్మా. ఎపిథీలియం అంటరు. అంతటా ఒక్క తీరుగ ఉండది."

"చోటుకో రకం ఎందుకు?"

"నీ వాకిట్ల షాబాద్ బండ, దేవుని అర్రల చాప ఎందుకు పరిచినవ్? పనిని బట్టి కదా. గిట్లనే."

ఆ మాట నచ్చింది. రాసుకున్న. నోటి వెనుక, అన్నమూ గాలీ రెండూ పోయే చోట బల్లపరుపు కణాలు, ఒకదాని మీద ఒకటి చాలా వరుసలు. పై వరుస అరిగి రాలిపోతే కింది వరుస పైకి వస్తుంది. మాట పలికే తీగల మీద కూడా అదే రకం, అవి పొద్దంతా ఒకదానికొకటి కొట్టుకుంటయి కనుక. ముక్కు లోపల, గాలిగొట్టంలో, దాని కొమ్మల్లో నిలువు కణాలు. చూస్తే నాలుగైదు వరుసలు ఉన్నట్టు కనపడుతుంది. కాని అన్నిటి కాళ్ళూ ఒకే నేల మీద ఉంటయి. కొన్ని పొడుగు, కొన్ని పొట్టి, అందుకే ఆ భ్రమ.

"మన గల్లీల ఇండ్ల లెక్క" అన్నది నళిని. "దూరం నుంచి చూస్తే ఒకదాని మీద ఒకటి కట్టినట్టు ఉంటయి."

ఆ నిలువు కణాల తల మీద కంటికి కనపడని వెంట్రుకలు ఉంటయట. మధ్యమధ్య గిన్నె ఆకారం కణాలు జిగురు వదులుతయి. దుమ్ము ఆ జిగురుకు అంటుకుంటుంది. వెంట్రుకలన్నీ ఒకే దిక్కుకు కొట్టుకుంటూ జిగురును గొంతు దాకా మోస్తయి. సెకండుకు పది సార్లు! మనం పడుకున్నా ఆ పని ఆగదు. ఇంకా లోపలి సన్న గొట్టాల్లో పొట్టి కణాలు, పాచికల్లాగ. చిట్టచివరి గాలి సంచుల్లో ఒకే ఒక్క వరుస, ఉల్లిపొర కంటే పల్చన. మందం ఉంటే గాలి రక్తంలోకి పోదు.

వచ్చే ఆదివారం తిరిగి అడుగుతనని చెప్పిన. "నువ్వు మా ప్రొఫెసర్ కంటే అన్యాయం చిన్నమ్మా" అన్నది.

తొంభై ఆరు. నళిని ఉన్నప్పుడు వారు మేడ మీదికి పోయి దగ్గిండ్రు. అవి వినపడలేదు.

12 నవంబర్, సోమవారం

అమ్మ మందు చేసిన. చిన్నప్పుడు మా ఆరుగురికీ దగ్గు వస్తే అమ్మ ఇదే ఇచ్చేది. ఎండిన గసగసాల కాయ దంచి, అల్లం, పటికబెల్లం వేసి మరిగించి వడగట్టాలె. చార్మినార్ దగ్గర మూలికలమ్మే అత్తారు దుకాణంలో కాయలు దొరికినయి. నలభై తెచ్చిన.

ఒక కాయ, పొద్దున ఒకసారి.

"ఏం కషాయం ఇది?" అన్నరు.

"అమ్మ చేసేది."

తాగి గ్లాసు బోర్లించిండ్రు. మళ్ళీ అడగలేదు.

14 నవంబర్, బుధవారం

రోజుకు ఒక కాయ, రెండు పూటలకు కలిపి. యాభై రెండు దగ్గులు.

16 నవంబర్, శుక్రవారం

రెండు కాయలు, రెండు పూటలకు. ముప్పై. గల్ల అర చెంచా కూడా లేదు. గోడ మీద గీతలు తగ్గుతుంటే ఎంత నిమ్మళంగా ఉంది!

దఫ్తర్‌లో అందరి ముందు ఒక్కసారి కూడా దగ్గలేదట. "పెద్దాఫీసర్ నా పక్క నిలబడ్డడు, తెలుసా? నిలబడి, ఏం విఠల్‌రావు, సబ్ ఠీక్ అన్నడు. నేను ఠీక్ సాబ్ అన్న. గంతే." అదే మాట మూడుసార్లు చెప్పిండ్రు.

18 నవంబర్, ఆదివారం

నళినిని పోయినవారం పాఠం అడిగిన. గిన్నె కణాలు మరిచిపోయింది. పుస్తకం చూసి నేనే చెప్పిన. తల కొట్టుకున్నది.

తర్వాత కొత్త పాఠం.

"దుమ్మో పొగో ఏండ్ల తరబడి తగిలితే ఆ నిలువు కణాలు పోతయి చిన్నమ్మా. వాటి జాగల బల్లపరుపు వరుసలు పుట్టుకొస్తయి. ముఖ్మల్ అరిగిపోయిన జాగల బండ పరిచినట్టు. దెబ్బలకు ఆగుతది."

"మంచిదే కదా."

"యేడ మంచిది? బండకు వెంట్రుకలు ఉండవు. జిగురు ముందుకంటే ఎక్కువ ఊరుతది, మోసేటోళ్ళు మాత్రం లేరు. ఇంక దాన్ని బయటికి తెచ్చేది దగ్గు ఒక్కటే. వెంట్రుకలు పోయిన ఇంట్ల దగ్గే చీపురు."

"ఆ దగ్గును ఆపితే?"

"ఎవరు ఆపుతరు?"

"ఊరికె అడిగిన."

"లోపలనే నిల్వ ఉంటది. మురుగుతది." జడ ముడి వేసుకుంటూ అన్నది. ఆ వెంటనే, "అవును గాని, చిన్నాయనకు దగ్గు తగ్గింది కదా! ఏమిచ్చినవ్?"

"మిరియాల కషాయం."

పన్నెండు.

19 నవంబర్, సోమవారం

నళిని చెప్పింది బీడీలు తాగేవాళ్ళ గురించి. వారు బీడీ ముట్టరు. పైగా ఆ పుస్తకం రాసినవాళ్ళు తెల్లవాళ్ళు, కోసి చూసింది కూడా తెల్లవాళ్ళ ఊపిరితిత్తులే అయి ఉంటయి. అమ్మ మందుతో మా ఆరుగురిలో ఒక్కరికీ ఏమీ కాలేదు. జాబితా వచ్చేది నెలాఖరుకు. అంటే పదకొండు రోజులు. పదకొండు రోజుల్లో ఏం మురుగుతుంది?

తొమ్మిది దగ్గులు.

20 నవంబర్, మంగళవారం

నాలుగు.

22 నవంబర్, గురువారం

సున్నా.

గోడ కడిగిన.

23 నవంబర్, శుక్రవారం

రాబియా వచ్చింది, అజ్మత్ అలీ భార్య. ఖీర్ గిన్నె ఇచ్చి, గడపలోనే నిలబడి లోపలికి చూసింది.

"రమాబాయీ, భాయ్ సాబ్ ఊళ్ళె లేరా?"

"ఉన్నరు. పండుకున్నరు. ఎందుకు?"

"రోజూ పొద్దున ఆయన దగ్గుకే మేం లేస్తుంటిమి. మా ఇంటాయన అంటడు, విఠల్ భాయ్ దగ్గిండు, ఇగ లే, నమాజ్‌కు టైమైంది అని. మూడు నాలుగు రోజులాయె, ఏం వినపడ్తలేదు. నాకు గాబరా అయింది."

వాళ్ళకు మొదటి నుంచీ తెలుసు. దిండులోకి దగ్గినా తెలుసు. మేడ మీద దగ్గినా తెలుసు. అయినా ఆ మాట దఫ్తర్‌కు పోలేదు.

"తగ్గింది రాబియా" అన్న.

"అల్‌హమ్దులిల్లా" అన్నది. ముఖంలో మాత్రం ఆ మాట లేదు.

ఇవాళ మందు మానేద్దామనుకున్న. సాయంత్రం వారు వచ్చి, "కషాయం ఏది?" అన్నరు. ఇచ్చిన.

25 నవంబర్, ఆదివారం

నళిని రాలేదు, పరీక్షలట. మంచిదే అయింది.

దగ్గు లేదు. అన్నం సగం వదిలేసిండ్రు. మాట్లాడుతుంటే మధ్యలో కన్ను మూతపడుతుంది. మూడు వారాల అలసట కదా.

26 నవంబర్, సోమవారం

ఒళ్ళు కాలుతుంది. దఫ్తర్‌కు పోలేదు. దగ్గు సున్నా కనుక ఊపిరి లెక్కపెట్టిన. నిమిషానికి పద్నాలుగు. నాకు పద్ధెనిమిది. నిదానంగా ఉన్నదంటే హాయిగా ఉన్నట్టే.

27 నవంబర్, మంగళవారం

పదకొండు. ఛాతీలో గురగుర. హుక్కాలో నీళ్ళ చప్పుడులాగ. దగ్గు లేదు. దగ్గు లేదు కనుక తగ్గుతున్నట్టే.

28 నవంబర్, బుధవారం

జరిగింది జరిగినట్టు రాస్త.

తెల్లవారినంక లేపితే వారు లేవలేదు. భుజం పట్టి ఊపితే కళ్ళు తెరిచి, "జాబితా వచ్చిందా?" అని మళ్ళీ మూసిండ్రు. పెదవులు నేరేడు పండు తిన్నట్టున్నయి. ఊపిరి లెక్కపెట్టడం మొదలుపెట్టి ఎనిమిది దగ్గర ఆపేసిన. చెంబు తీసుకుని గోడ మీద కొట్టిన. ఎన్ని రోజులు ఆ గోడకు భయపడ్డనో, ఆ గోడ మీదనే కొట్టిన.

అజ్మత్ అలీ బనీను మీదనే వచ్చిండు. "భాబీ, ఏమైంది?" అని లోపలికి చూసి, చెప్పులు కూడా వేసుకోకుండ ఉరికిండు. పురానాపూల్ నుంచి డాక్టర్ వామన్‌రావును రిక్షాలో ఎక్కించుకుని వచ్చిండు. రాబియా వచ్చి వారి కాళ్ళు రుద్దుతూ కూర్చున్నది.

డాక్టర్ ఛాతీ విన్నడు. వీపు విన్నడు. కనురెప్ప ఎత్తి చూసిండు. రెండో కన్ను కూడా చూసిండు. వెనక్కి తిరిగి నన్ను చూసిండు.

"కంటిపాప ఆవగింజంత ఉందమ్మా. ఏమిచ్చిండ్రు?"

"మిరియాల..." అన్న.

"అమ్మా, నేను పోలీసును కాదు. ఏమిచ్చిండ్రో, ఎంత ఇచ్చిండ్రో తెలిస్తెనే నేనేమన్న చెయ్యగలుగుత."

లోపలికి పోయి ఈ పుస్తకం తెచ్చిన. అందరి ముందూ చదివిన. పన్నెండో తారీఖు ఒక కాయ ఒకసారి. పద్నాలుగు, ఒక కాయ రెండు పూటలకు. పదహారు, రెండు కాయలు రెండు పూటలకు. పద్ధెనిమిదో తారీఖు పేజీ తిప్పిన. పాఠం ఉంది. దగ్గులు ఉన్నయి. కాయల లెక్క లేదు. పంతొమ్మిది, లేదు. ఇరవై, లేదు. మందు ఇచ్చిన రోజులే, ఒక్కటి కూడా రాయలేదు. నేను ఏదీ రాయకుండ వదిలే మనిషిని కాదు.

"తర్వాత?" అన్నడు డాక్టర్.

సంచి తెచ్చి చాప మీద బోర్లించిన. ఒకటి మిగిలింది. నలభై తెచ్చిన. పదహారో తారీఖు దాకా ఆరు పోయినయి. ఆ తర్వాత రోజుకు మూడు కాయల చొప్పున నిన్నటి దాకా పదకొండు రోజులు. నోటితో చెప్పిన. చెప్పేటప్పుడు అంతా తెలిసే ఉంది నాకు. రాయనిది కూడా తెలిసే ఉంది.

"దగ్గు వినపడితే కొలువు పోతదని" అన్న. అజ్మత్ అలీ అక్కడే నిలబడి ఉన్నడు. నేల చూసిండు.

మంచం మీద నుంచి వారి గొంతు వచ్చింది, చాలా సన్నగా. "ఆమెదొక్కదానిదే కాదు డాక్టర్ సాబ్. గసగసాల కాయ వాసన నాకు తెలవదా? నేనే అడిగి తాగిన."

డాక్టర్ ఇద్దరినీ కోప్పడలేదు. కోప్పడితే బాగుండేది. "దుమ్ము పట్టిన ఛాతీ. దగ్గే దాన్ని ఇన్ని రోజులు కాపాడింది. దాన్ని నిద్రపుచ్చిండ్రు, లోపల నిండింది, చీము పట్టింది." పెన్సిలిన్ సూది వేసిండు. గసగసాల కాయలో నల్లమందు ఉంటది, ఈ మందు చుక్క కూడా ఇయ్యొద్దన్నడు. గంటకోసారి ఆవిరి పట్టాలె. ముందుకు వంచి, అరచేయి గుల్ల చేసి, కింది నుంచి పైకి వీపు తట్టాలె. ఒక్క రోజు గడిస్తే మిగతా మాట చెప్తనన్నడు.

"పండుకోనీయకు. ఎట్లనన్న దగ్గించు" అన్నడు నాతోటి.

29 నవంబర్, గురువారం

పొద్దంతా తట్టిన. చేయి వాచింది. నేను అలసినప్పుడు రాబియా తట్టింది. గురగుర పైకి వస్తుంది, దిగిపోతుంది. దగ్గు రాలేదు.

నళినికి కబురు పంపితే మధ్యాహ్నం వచ్చింది. నేను చెప్పకముందే రాబియా చెప్పింది. నళిని పోయి వారి వీపు తట్టడం మొదలుపెట్టింది. తర్వాత, "నువ్వు నన్ను అడిగినవ్. ఆపితే ఏమైతదని అడిగినవ్ చిన్నమ్మా. నేను జడ ఏసుకుంట జవాబు చెప్పిన" అని ఏడ్చింది.

"తప్పు చెప్పలేదు కదా" అన్న.

సాయంత్రం ఐదు గంటలకు వారు ఒక్కసారి దగ్గిండ్రు. పొడి దగ్గు, బలం లేనిది. ముగ్గురం ఒకరి ముఖం ఒకరం చూసుకున్నం.

30 నవంబర్, శుక్రవారం

రెండో సూది, మూడో సూది. పెదవుల రంగు మారింది. ఊపిరి ఇరవై నాలుగు. ఎక్కువున్నా ఫరవాలేదు, అది దాని పని చేస్తుంది అన్నడు డాక్టర్. గండం గడిచిందని ఇంకా అనలేదు.

జాబితా ఇవాళ వచ్చిందట. వారి పేరు లేదు. కొట్టేయలేదు, పక్కన పెట్టిండ్రు. ఎందుకు సెలవు పెట్టిండ్రో అడుగుతున్నరట. అజ్మత్ అలీ ఏమీ చెప్పలేదట. "నా నోరు తాళమేసిన భాబీ. మీరు తియ్యమంటెనే తీస్త" అన్నడు. ఆయన నోటికి తాళం పడటం ఇరవై ఏళ్ళలో ఇదే మొదటిసారని రాబియా అన్నది.

వారికి చెప్పిన. "సోమవారం ఫోటోకు పోత. నడవగలిగితే" అన్నరు.

"క్షయ అంటే?"

"అంటే అననీ. నువ్వు గోడ మీద చెంబుతోని కొట్టినప్పుడు నాకు వినపడ్డది. గప్పుడు నాకు కొలువు యాదికి రాలే."

2 డిసెంబర్, ఆదివారం

పొద్దున ఆవిరి పట్టిన. వంచి తట్టుతుంటే ఒక్కసారిగా లోపలి నుంచి తోసుకుని వచ్చింది. మంచం కదిలింది. గిన్నె పట్టుకున్న. ఆకుపచ్చ, నల్ల చారలు, దారాలు దారాలుగా. ఆగి, మళ్ళీ. ఆగి, మళ్ళీ. కళ్ళ నుంచి నీళ్ళు కారుతున్నయి, ముఖం ఎర్రబడ్డది, అయినా వారు చేయి ఊపి ఇంకా తట్టు అంటున్నరు. నేను లెక్కపెట్టలేదు. నళిని వెనుక నిలబడి, "రానీ చిన్నాయనా, రానీ" అంటుంది.

గిన్నె కడగడానికి వాకిట్లోకి వచ్చిన. గోడ అవతల కప్పుల చప్పుడు. వారు ఎందుకు రావట్లేదో కనుక్కోవడానికి దఫ్తర్ నుంచి ఇద్దరు వచ్చిండ్రని, అజ్మత్ అలీ వాళ్ళను మా ఇంటికి రానీయకుండ ఛాయ్ దగ్గర కూర్చోబెట్టిండని రాబియా పొద్దుననే చెప్పింది. లోపలి నుంచి వారి దగ్గు మళ్ళీ మొదలైంది. అవతల మాటలు ఆగిపోయినయి.

అజ్మత్ అలీ గొంతు, కొంచెం తడబడుతూ, "భాబీ... అదేంది... మీ ఇంట్ల చుట్టాలెవరన్న వచ్చిండ్రా?"

నాకు దారి చూపించిండు. అవునంటే చాలు.

గోడ దగ్గరికి పోయి, తల ఎత్తి, గల్లీ అంతా వినేటట్టు చెప్పిన.

"చుట్టాలెవరూ కాదు భాయ్. మా విఠల్‌రావు గారే! మంచిగ దగ్గుతున్నరు!"

గిన్నె తీసుకుని లోపలికి పోయిన. ఇంకా తట్టాలె.